ఆ బ్రిడ్జి అప్పటికి లేదు

"ఏవండీ, నిన్న మీవాళ్ళు 86 వరద వేశారు కదా, అందులో ఆర్చి బ్రిడ్జి ఎలా వచ్చిందండీ?"

పొద్దున్నే ఏడింటికి వచ్చిన ఫోన్ ఇది. చాలా ఏళ్ళయింది. గోదావరి వరదల మీద ఒక అరగంట ప్రోగ్రాం, ఎడిటర్ని నేనే, ముందు రోజు రాత్రే టెలికాస్ట్ అయింది. ఫోన్ చేసినాయన రాజమండ్రిలో రైల్వేలో పనిచేసి రిటైరయ్యారట, ఛానల్ ఆఫీసుకి ఫోన్ చేసి, వాళ్ళు నలుగురు చేతులు మార్చినా వదలకుండా నా నంబరు సంపాదించారు. కోపంగా మాట్లాడి ఉంటే ఏదో ఒకటి సర్దిచెప్పేవాణ్ణి. ఆయనేమో చిన్నపిల్లాడికి ఎక్కం చెప్పినట్టు నెమ్మదిగా చెప్పారు. 1986లో రాజమండ్రి దగ్గర గోదారి మీద రెండే రైలు వంతెనలు. ఒకటి 1900లో తెరిచిన హేవలాక్ బ్రిడ్జి, రెండోది 1974లో వచ్చిన రోడ్డు కం రైలు బ్రిడ్జి. ఆర్చి బ్రిడ్జి పని మొదలైందే 1991లో. "మరి మీ వరదలో వెనకాల ఆ విల్లుల వరస ఏంటండీ?" అన్నారు.

ఫోన్ పెట్టేసి ఆఫీసుకెళ్ళి టైమ్‌లైన్ తెరిచాను. మూడు సెకన్ల షాట్. ఎర్రటి నీరు సుళ్ళు తిరుగుతూ పోతోంది, ముందు ఒక పడవ, వెనక మూలన మసగ్గా, నిజమే, విల్లులు. ఆ క్లిప్ సర్వర్లో "గోదావరి ఫ్లడ్ ఓల్డ్" అనే పేరుతో ఉంది. ఓల్డ్ అన్నారు కదా అని నేను దాన్ని 86 కింద పడేశాను, రంగు కాస్త తగ్గించాను, పాతగా కనబడాలని గీతలు కూడా వేశాను. తర్వాత తెలిసింది అది 2006 వరద అని. అంటే ఇరవయ్యేళ్ళ తేడా, పైగా ఆ తేడా కనబడకుండా నేనే మసి పూశాను. ఇప్పటికీ ఆ గీతలు తలుచుకుంటే సిగ్గేస్తుంది.

ఆ ఫోన్ తర్వాత నా పని మారిపోయింది. ఎడిటింగ్ చేస్తూనే ఉన్నాను కానీ ఎక్కువ భాగం పాత ఫుటేజీ వెతకడం, అది ఎప్పటిదో ఎక్కడిదో తేల్చడం, ఎవరి దగ్గర అనుమతి తీసుకోవాలో కనుక్కోవడం. డాక్యుమెంటరీలకి, వెబ్ సిరీస్‌లకి, అప్పుడప్పుడూ సినిమావాళ్ళకి కూడా. ఇంట్లోవాళ్ళు మాత్రం "పాత క్యాసెట్లు ఏరుకునే ఉద్యోగం" అంటారు. తప్పేం లేదు, అదే ఉద్యోగం.

ఈ పనిలో మొదట నేర్చుకున్నది ఏంటంటే, షాట్ మధ్యలో చూడకూడదు, మూలలు చూడాలి. మధ్యలో ఉన్నది కెమెరామన్ చూపించాలనుకున్నది, అది వరదైతే ఏ వరదైనా ఒక్కలాగే ఉంటుంది, ఎర్రనీళ్ళు, పడవలు, తలమీద మూటలు. మూలల్లో ఉన్నవే తేదీ చెప్తాయి. ధవళేశ్వరం షాటైతే బ్యారేజీ గేట్లు కనబడుతున్నాయా, పాత కాటన్ దొర ఆనకట్ట కనబడుతోందా చూస్తాను. ఆనకట్ట 1852లో పూర్తయింది, గేట్లతో ఇప్పుడున్న బ్యారేజీ 1982కి వచ్చింది, కాబట్టి గేట్లున్న షాటు ఎవరెంత ఒట్టేసినా 1953 వరద కాదు. రోడ్డు మీద స్కూటర్ నంబరు ఏపీ 5 అని ఉందంటే అది తూర్పుగోదావరి బండి, 1989 తర్వాతది, ఎందుకంటే అంతకుముందు మనకి మూడక్షరాల నంబర్లుండేవి. యానాం దగ్గర పంటు మీద లారీలు దాటుతున్నాయంటే ఎదుర్లంక వంతెన ఇంకా రాలేదన్నమాట. గోడ మీద పార్టీ గుర్తు, కొట్టు బోర్డు మీద ఫోన్ నంబర్లో ఎన్ని అంకెలు, ఎస్‌టీడీ బూత్ పసుపు బోర్డు, ఆడవాళ్ళ జాకెట్టు చేతుల పొడుగు, అన్నీ పనికొస్తాయి. సినిమా పోస్టర్ దొరికితే పండగే. ఒకసారి గోడ మీద చిరిగిపోయిన పోస్టర్లో సగం మొహం, టైటిల్లో చివరి రెండక్షరాలు మాత్రమే మిగిలాయి, దాన్ని పట్టుకుని రెండు రోజులు కూర్చున్నాను, చివరికి నా కన్నా మా పెద్దమ్మకే ముందు తెలిసింది.

నీళ్ళ మట్టం కూడా ఆధారమే. ధవళేశ్వరంలో 11.75 అడుగులకి మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75కి రెండోది, 17.75కి మూడోది అని మనవైపు పిల్లలకి కూడా తెలుసు. 1986 ఆగస్టు 16న అక్కణ్ణించి దాదాపు 35 లక్షల క్యూసెక్కులు వెళ్ళింది. 2006లో 28 లక్షలు, 2022 జూలైలో 25 లక్షలు దాటింది. ఈ మూడు వరదల్లో ఒకే గుడి మెట్లు, ఒకే రేవు కనబడే షాట్లు దొరికితే ఎన్ని మెట్లు మునిగాయో లెక్కపెట్టుకోవచ్చు. అయితే 86 తర్వాత చాలాచోట్ల గట్టు ఎత్తు పెంచారు, ఆ సంగతి మర్చిపోతే లెక్క తప్పుతుంది. నేను తప్పాను, అదింకో కథ.

సరే, ఫుటేజీ ఎక్కడ దొరుకుతుంది అని చాలామంది అడుగుతారు. తెలుగులో ప్రైవేటు ఛానళ్ళు మొదలైంది 1995లో, ఈటీవీ, జెమినీ. అంతకుముందు తెలుగు టీవీ అంటే దూరదర్శన్ ఒక్కటే, హైదరాబాద్ కేంద్రం 1977లో మొదలైంది. దానికీ ముందు కేంద్ర ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్, 1948లో పెట్టారు, సినిమా హాల్లో అసలు సినిమాకి ముందు వచ్చే న్యూస్‌రీళ్ళు వాళ్ళవే. సినిమాలైతే 1964లో పెట్టిన పుణె ఫిల్మ్ ఆర్కైవ్. ఫిల్మ్స్ డివిజన్‌నీ పుణె ఆర్కైవ్‌నీ 2022లో ఎన్‌ఎఫ్‌డీసీలో, అంటే జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థలో కలిపేశారు. అంటే 86 వరద టీవీ ఫుటేజీ కావాలంటే తిరగాల్సిన గుమ్మాలు చాలా తక్కువ, అందులో ప్రతి గుమ్మం దగ్గరా ఒక దరఖాస్తు. చూసుకోవడానికి ఒక రుసుము, వాడుకోవడానికి సెకన్ల లెక్కనో నిమిషాల లెక్కనో ఇంకో రుసుము, ఒక్క షాటే వాడినా ఇంత నిడివికి కట్టాల్సిందే అనే షరతు ఒకటి, టీవీకైతే ఒక రేటు, ఓటీటీకైతే ఇంకో రేటు, ప్రపంచమంతా ఎప్పటికీ అంటే మరో రేటు. డైరెక్టర్లకి ఇది ముందే చెప్పాలి. చెప్పకపోతే ఎడిట్ టేబుల్ మీద నాలుగు నిమిషాలు పరిచేస్తారు, తర్వాత నిర్మాత బిల్లు చూసి నలభై సెకన్లకి కత్తిరించమంటాడు, ఆ కత్తిరింపులో కథే పోతుంది.

హక్కుల గురించి కూడా ఒక అపోహ. మన కాపీరైట్ చట్టం ప్రకారం సినిమా విడుదలైన తర్వాతి ఏడాది నుంచి 60 ఏళ్ళు హక్కులుంటాయి, ప్రభుత్వం తీసినవాటికీ అంతే. కాబట్టి 1953 వరద న్యూస్‌రీలు మీద హక్కు ఎప్పుడో తీరిపోయింది. "అయితే ఫ్రీనే కదా!" అంటారు. హక్కు తీరిపోవడం వేరు, రీలు చేతికి రావడం వేరు. ఆ రీలు వాళ్ళ గదిలో ఉంది, దాన్ని స్కాన్ చెయ్యాలి, దానికి డబ్బులు కట్టాలి. యూట్యూబ్ నుంచి లాగేసి లోగో మీద బ్లర్ కొట్టేద్దాం అనేవాళ్ళు ప్రతి ప్రాజెక్టులో ఒకరుంటారు. పేరు ఎందుకుగానీ, ఒక ఛానల్ నేను నెల రోజులు తిరిగి తెచ్చిన ఫుటేజీని ఇంకో ప్రోగ్రాంలో అలాగే బ్లర్ కొట్టి వేసుకుంది. నా మార్కు మీదే బ్లర్!

కాగితాల్లో వెతకడం మరో తలనొప్పి. ధవళేశ్వరాన్ని ఇంగ్లీషులో ఎన్ని రకాలుగా రాయొచ్చో అన్ని రకాలుగా రాసుంటుంది, ఒక్క స్పెల్లింగ్‌తో వెతికితే సగం దొరకదు. ఇప్పుడు కోనసీమ జిల్లా అంటున్నాం, అది 2022 ఏప్రిల్‌లో వచ్చింది, పాత కార్డుల్లో అంతా ఈస్ట్ గోదావరే. మన గోదారి మధ్య దీవుల్ని లంకలంటాం కదా, లంక అని వెతికితే శ్రీలంక వస్తుంది. నిజంగానే వచ్చింది, జాఫ్నా షాట్లు అరగంట చూశాను.

ఛానళ్ళ దగ్గర ఇంకో బాధ. బీటాకామ్ టేపు ఖరీదైనది, అందుకని వారం తిరిగేసరికి దాని మీదే మళ్ళీ రికార్డు చేసేవాళ్ళు. తప్పు పట్టలేం, ఆ రోజు వార్త ఆ రోజు వెళ్తే చాలు అనేదే పద్ధతి. పెద్ద సంఘటన అయితే ఎవరో ఒకాయన ముందుచూపుతో ఒక టేపులోకి నాలుగు షాట్లు ఎక్కించి "ఫైల్" అని రాసి పక్కన పెట్టేవారు. ఆ నాలుగు షాట్లే ఇన్నేళ్ళుగా తిరుగుతున్నాయి. మీరు 1996 కోనసీమ తుఫాను మీద ఏ ప్రోగ్రాం చూసినా అవే ఒరిగిన చెట్లు, అదే హెలికాప్టర్, అదే ముసలాయన కళ్ళు తుడుచుకోవడం.

ఇప్పుడు చేస్తున్న పని అక్కడికే వచ్చి ఆగింది. 2027లో గోదావరి పుష్కరాలు వస్తున్నాయి, దాన్ని పట్టుకుని డెల్టా మీద ఒక సినిమా తీస్తున్నారు, గంటన్నర. పాత పుష్కరాలు కావాలన్నారు. 2015ది డ్రోన్లతో సహా గుట్టలు గుట్టలుగా ఉంది, 2003ది డీవీ టేపుల్లో దొరికింది, 1991ది అరకొర, 1979ది మాత్రం ఒక రైసుమిల్లు కుటుంబం దగ్గర సూపర్ 8 రీలు, అంటే ఇళ్ళల్లో తీసుకునే చిన్న సైజు ఫిల్ము. డబ్బా మూత తీస్తే ముక్కు పట్టుకునేంత పులుపు వాసన, అసిటేట్ ఫిల్ము పాడవడం మొదలైతే వచ్చే వాసన అది, అప్పటికే కాస్త ముడుచుకుంది కూడా. మూడు నిమిషాల చిల్లర బొమ్మ. స్కాన్ చేయించి వాళ్ళింట్లో ల్యాప్‌టాప్ మీద చూపిస్తే రేవు మెట్ల మీద అందరూ చీమల్లా గబగబా నడుస్తున్నారు. అందరూ నవ్వారు. ఒకావిడ మాత్రం నవ్వలేదు. "మా అమ్మ అంత గబగబా నడిచేది కాదు బాబూ, ఆవిడకి మోకాళ్ళ నొప్పులు" అంది. సూపర్ 8 సెకనుకి 18 ఫ్రేములు, ల్యాబువాళ్ళు దాన్ని 25కి వేసేసి పంపారు. రాత్రి హోటల్‌కి వెళ్ళి 18కి సరిచేసి పొద్దున మళ్ళీ చూపించాను. ఈసారి వాళ్ళమ్మ ఒక్కో మెట్టూ దిగి, రెండో మెట్టు మీద ఆగి, పక్కావిడ భుజం పట్టుకుంది. ముందు రోజు నవ్వని ఆ కూతురు ఏమీ అనలేదు, కాఫీ పెడతానని లోపలికి వెళ్ళిపోయింది.

డైరెక్టర్‌కి అన్నిటికన్నా ముఖ్యంగా కావాల్సింది ఇంకోటి. తుఫాను ముందటి కోనసీమ. 1996 నవంబరు 6 రాత్రి తుఫాను కాకినాడకి దక్షిణంగా తీరం దాటింది, వెయ్యి మందికి పైగా పోయారు, కొబ్బరి తోటలు నేలమట్టమయ్యాయి. పడిపోయిన చెట్ల ఫుటేజీ ఉంది. నిలబడ్డ చెట్ల ఫుటేజీ ఎవరి దగ్గరుంటుంది? నిలబడ్డ చెట్టు వార్త కాదు కదా. సినిమాల్లో కోనసీమ ఉంది, కానీ ఆ తోట ఏ ఊరిదో తెలియదు, పైగా హీరో హీరోయిన్లు అడ్డం.

అప్పుడు రాజోలు వైపు ఒక చుట్టం ఇలా అన్నారు, "పెళ్ళి క్యాసెట్లు చూడకూడదూ?"

చూడకూడదూ ఏంటి, ముందు నాకెందుకు తట్టలేదు? ఎనభైల చివర నుంచి మనవైపు వీడియో లేని పెళ్ళి లేదు. పైగా పెళ్ళి వీడియో అంత నిజాయితీగల రికార్డు ఇంకోటి లేదు, ఎందుకంటే మొదటి షాటే శుభలేఖ! దగ్గరగా పెట్టి, పై నుంచి కిందికి నెమ్మదిగా దించుతూ, తేదీ, ముహూర్తం, ఊరు, ఇంటిపేర్లు అన్నీ చదివిస్తారు. తర్వాత ఇల్లు, పందిరి, అరటి బోదెలు, పెరడు, వంటశాల. వరద వార్తల టేపు మీద "ఫ్లడ్ ఓల్డ్" అని రాసినవాళ్ళు ఈ పెళ్ళి వీడియో అన్నల దగ్గర శిక్షణకి వెళ్ళి ఉండాల్సింది.

అలా వెతుక్కుంటూ పెళ్ళి వీడియోలు తీసిన ఒక స్టూడియో ఆయన దగ్గరికి వెళ్ళాను, వయసు డెబ్బై దాటింది. ఇప్పుడు స్టూడియో కొడుకు చూసుకుంటున్నాడు, పైన గదిలో పాత సరుకు. "ఆయ్, ఉంటాయండి, ఎందుకుండవు, ఎవరూ తీసుకెళ్ళని కాపీలన్నీ పైనే పడున్నాయి, రండి" అన్నారు. బీరువా తెరిచారు. నాలుగైదు వందల వీహెచ్ఎస్ క్యాసెట్లు, అట్టల మీద ఇంటిపేర్లు. గోదారి పక్క తేమ సంగతి తెలిసిందే, ఉప్పు డబ్బాలో నీరు చేరే చోట టేపు ఎలా ఉంటుంది? క్యాసెట్ మీదుండే చిన్న కిటికీలోంచి చూస్తే చాలావాటిలో రీలు అంచుల మీద తెల్లగా బూజు, దారాల్లా. నేను వద్దండీ వద్దండీ అంటుండగానే ఆయన ఒకటి తీసి వీసీఆర్ డెక్కులో పెట్టారు. రెండు నిమిషాలు వానలా మరకలు, ఆ తర్వాత కీచుమని శబ్దం, డెక్కు టేపుని నమిలేసింది. ఆయన మొహం చూడలేకపోయాను. "నా చేత్తో తీసిన పెళ్ళండి అది" అన్నారు.

క్యాసెట్ తిప్పి కింద ఐదు స్క్రూలు విప్పాం. నలిగిన ముక్క గజం లోపే. దాన్ని కత్తిరించి, టేపు ముక్కలు అతకడానికే ఉండే స్ప్లైసింగ్ టేపుతో అతికించాను. సెల్లోటేపు వెయ్యకూడదు, జిగురు కరిగి టేపుని చదివే డెక్కు హెడ్డుకి అంటుకుంటుంది. బూజు పట్టినవన్నీ వేరే పెట్టెలో పెట్టాం, ఒక్కటి ఆడించినా ఆ బూజు హెడ్డు మీదకి ఎక్కి తర్వాత పెట్టే ప్రతి క్యాసెట్‌కీ అంటుతుంది. వాటిని హైదరాబాద్ తీసుకొచ్చి సిలికా జెల్ సంచులతో మూసిన డబ్బాల్లో ఆరబెట్టాను. బాగున్నవాటికి మొదటి పని, వెనక అంచు మీద చిన్న ప్లాస్టిక్ ముక్క ఉంటుంది, దాన్ని విరగ్గొట్టడం, అప్పుడు పొరపాటున కూడా దాని మీద రికార్డు అవ్వదు. ఎందుకంత జాగ్రత్త అంటే, ఆ బీరువాలోనే ఒక పెళ్ళి మంగళసూత్రం దగ్గరికి వచ్చేసరికి ఠక్కున క్రికెట్ మ్యాచ్ అయిపోయింది. ఎవరు రికార్డు చేశారో, ఆ ఇంట్లో తర్వాత ఏమైందో నాకైతే ఊహించుకోవడానికే భయమేసింది.

మంచి డెక్కు దొరకడమే గగనం. జపాన్‌లో ఫునాయ్ కంపెనీ 2016లో వీసీఆర్ల తయారీ ఆపేసింది, ఇప్పుడున్నవన్నీ ముసలివే, ఒకటి పనిచెయ్యాలంటే రెండు విప్పి భాగాలు తియ్యాలి. డెక్కుకీ కంప్యూటర్‌కీ మధ్య టైమ్ బేస్ కరెక్టర్ అని ఒక పెట్టె పెడతాను, అది లేకపోతే పందిరి రాటలు పాముల్లా మెలికలు తిరుగుతాయి. ఎక్కించేటప్పుడు చిన్న ఫైలుగా నొక్కెయ్యను, పెద్దదిగానే ఉంచుతాను, చిన్నది ఎప్పుడైనా చేసుకోవచ్చు.

మాకు కావాల్సిన పెళ్ళి పదకొండో క్యాసెట్లో దొరికింది. శుభలేఖ, 1996 మాఘమాసం. అంటే తుఫానుకి తొమ్మిది నెలల ముందు. పెళ్ళికూతుర్ని గంపలో కూర్చోబెట్టి మేనమామలు మోసుకొస్తున్నారు, కెమెరా ఆయన వాళ్ళ ముందు వెనక్కి నడుస్తున్నారు, కాలికి ఏదో తగిలినట్టుంది, ఫ్రేము ఊగి పైకి లేచింది. అంతే, పదకొండు సెకన్లు. పెరట్లో కొబ్బరి తోట, నిటారుగా, గెలల బరువుతో, వెనక ఎంత దూరం కనబడితే అంత దూరం. ఎండ మొవ్వుల మీద పడి జారుతోంది, ఎవరో కుర్రాడు చెట్టు మీద సగం దాకా ఎక్కి అక్కడే ఆగి పెళ్ళి చూస్తున్నాడు. తర్వాత కెమెరా మళ్ళీ కిందికి దిగిపోయి గంప చూపించింది. స్టూడియో ఆయనకి ఆ పదకొండు సెకన్లు చూపిస్తే "అయ్యో, అది తీసెయ్యాల్సిందండి, తొట్రుపడ్డాను" అన్నారు.

ఇక అసలు గొడవ ఎడిట్ సూట్లో. పాత టీవీ బొమ్మ 4:3, అంటే దాదాపు చదరం, ఇప్పటి తెర 16:9. పక్కలకి సాగదీస్తే అందరూ లావైపోతారు, పెళ్ళికొడుకు పెళ్ళికొడుకు తండ్రిలా కనబడతాడు. సాగదీయకుండా తెర నింపాలంటే ఎత్తులో నాలుగో వంతు కత్తిరించాలి. అసిస్టెంటు కుర్రాడు అలాగే కత్తిరించి చూపించాడు. కొబ్బరి చెట్లకి తలకాయల్లేవు! మొవ్వులు తెగిపోయి స్తంభాలు నిలబెట్టినట్టుంది, అంటే తుఫాను పని మేమే చేసేశాం. పక్కల నల్ల ఖాళీ వదిలి బొమ్మని బొమ్మలా ఉంచుదామన్నాను. టీవీవాళ్ళు ఒప్పుకోరేమో అని డైరెక్టర్ నసిగాడు, చివరికి ఆ తలలు లేని చెట్లే వాదన గెలిచాయి.

తర్వాత ఏఐ. పాల్ (PAL) అనే మన పాత టీవీ పద్ధతి బొమ్మలో కనబడే గీతలు 576, ఫోర్ కే తెరకి 2160, దాదాపు నాలుగింతలు సాగాలి. ఏఐతో పెంచితే ఆకులు ఒక్కొక్కటీ కత్తితో కోసినట్టు వచ్చాయి, అందరం అబ్బో అన్నాం. పక్క షాట్లో పెళ్ళికూతురి అమ్మమ్మ ఉంది, నోట్లో రెండే పళ్ళు. ఏఐ ఆవిడకి పూర్తి పలువరస కట్టించింది. ముక్కుపుడక మాయమైంది. ఆ ఆకులు కూడా మరి ఎవరి ఆకులు? అక్కడ ఉన్నవా, మిషన్ ఎక్కడో చూసి గీసినవా? వద్దన్నాను. ఇంటర్‌లేస్ దువ్వెన పళ్ళు మాత్రం శుభ్రంగా తీశాం, పాత టీవీ ఒక్కో బొమ్మని రెండు సగాలుగా చూపించేది, అవి సరిగ్గా కలవకపోతే అంచుల్లో వచ్చేవే ఆ పళ్ళు, సెకనుకి 50 సగం బొమ్మల్ని సరిగ్గా కలిపితే చాలు, మిగతా మసకంతా అలాగే ఉంచాం. ముసురు పట్టినట్టుంది అన్నారు ఎవరో. వీహెచ్ఎస్ అంతే మరి.

శబ్దం ఇంకో తంటా. ఆ రోజుల్లో వీడియోవాళ్ళు ఎడిటింగ్‌లో అసలు శబ్దం తీసేసి సినిమా పాటలు పరిచేవారు. గంప మీద కూడా పాటే. ఆ పాట హక్కులు కొనాలంటే మా బడ్జెట్ మొత్తం అక్కడే అయిపోతుంది. పాట తీసేస్తే పూర్తిగా నిశ్శబ్దం. కొబ్బరాకుల గలగల, సన్నాయి మేళం వేద్దామని సౌండ్ డిజైనర్ అన్నాడు, అందంగానే వేశాడు కూడా. కానీ అది ఆ రోజు గాలి కాదు కదా, ఇంకెప్పుడో ఇంకెక్కడో రికార్డు చేసిన గాలి. మేము దెబ్బలాడుకుని, చివరికి ఆ పదకొండు సెకన్లూ ఏ శబ్దమూ లేకుండా వదిలేశాం. రంగులు తగ్గించి గీతలు వేసిన ఆ పాత పాపం నా వెనకే తిరుగుతోంది, అందుకే ఈ విషయాల్లో కాస్త మొండిగా ఉంటాను, తెలుసు.

అనుమతి ఎవరిస్తారు? స్టూడియో ఆయన "నేనిచ్చేస్తున్నాను కదండీ, తీసుకోండి" అన్నారు. చట్టం అలా లేదు. డబ్బిచ్చి తీయించుకున్న వీడియోకి, వేరే ఒప్పందం ఏదీ లేకపోతే, మొదటి హక్కుదారు తీయించుకున్నవాళ్ళే. అంటే పెళ్ళివారు. చట్టం లేకపోయినా ఇంకొకరి పెళ్ళిని అడక్కుండా తెర మీద వెయ్యడం ఏం మర్యాద? పెళ్ళికూతురి కోసం వెతికితే పాలకొల్లులో ఉన్నారని తెలిసింది. ఇప్పుడు ఆవిడ కూతురి పెళ్ళి పనుల్లో ఉన్నారు. వాళ్ళ క్యాసెట్ తుఫాన్లోనే తడిసి పోయిందట, అన్నేళ్ళుగా వాళ్ళ దగ్గర ఏమీ లేదు. ల్యాప్‌టాప్ పెడితే మూడు గంటల క్యాసెట్ మొత్తం చూశారు, మధ్యలో ఫోన్లు మోగుతుంటే తీసి "తర్వాత చేస్తానొదినా" అని పెట్టేస్తూ. తోట షాట్ నేను ఆపి చూపించాను. నేననుకున్నట్టు కొబ్బరి చెట్ల గురించి ఏమీ అనలేదు. "ఆ చెట్టు మీదోడు మా చిన్నన్నయ్య. కాయలు దింపు తియ్యమంటే ఎక్కి కూర్చున్నాడు" అని నవ్వారు. తర్వాత వేలితో చూపించారు, ఇది నూతి దగ్గరది, ఇది గొడ్లసావిడి పక్కది, ఈ వంగినదొక్కటే మిగిలింది, మిగతావన్నీ ఆ రాత్రే పోయాయి, పొద్దున లేచేసరికి మా పెరట్లోంచి ఎప్పుడూ కనబడని పక్కూరి గుడి గోపురం కనబడింది అన్నారు. ఆ మాట రికార్డు చెయ్యడానికి నా దగ్గర కెమెరా లేదు. తర్వాత యూనిట్‌తో వెళ్ళి మళ్ళీ అడిగితే చెప్పారు కానీ, మొదటిసారి చెప్పినట్టు రాలేదు.

సంతకం పెట్టారు. ఒకే షరతు, భోజనాల దగ్గర వాళ్ళ నాన్నగారు వడ్డన వాళ్ళ మీద అరుస్తున్న షాటు వెయ్యకూడదు. మొత్తం క్యాసెట్ పెన్‌డ్రైవ్‌లో వేసి ఇచ్చాను, అరుస్తున్న షాట్‌తో సహా. ఇంట్లో అదే ఎక్కువసార్లు చూస్తున్నారట.

ఇంకా 1991 పుష్కరాలు తక్కువే ఉన్నాయి నా దగ్గర. కొవ్వూరు, రాజమండ్రి, కోటిపల్లి, నరసాపురం, ఏ రేవైనా ఫర్వాలేదు, మీవాళ్ళు ఎవరైనా కెమెరా పట్టుకెళ్ళి ఉంటే మీ అటక మీద ఆ క్యాసెట్ ఉండొచ్చు. ఉంటే దయచేసి ఆడిందో లేదో చూద్దామని డెక్కులో మాత్రం పెట్టకండి. అంచు మీద బూజు ఉందేమో లైటు కింద చూడండి, వెనక ప్లాస్టిక్ ముక్క విరగ్గొట్టండి, నిలబెట్టి పొడిగా ఉన్నచోట ఉంచండి. నాకు కబురు చేస్తే చాలు, డెక్కు నేనే మోసుకొస్తాను.